అల్లిపురంలో విదేశీ విలేఖరి

మా ఆయన గంగాధరరావు పన్నెండేళ్ళపాటు ‘తీరవాణి’ దినపత్రికకు విదేశీ విలేఖరిగా పనిచేశారు. ఆ పన్నెండేళ్ళలో ఆయన దాటిన సరిహద్దు ఒక్కటే, తుని. అదీ మా పుట్టింటివాళ్ళు తణుకులో ఉండబట్టి, పెళ్ళిళ్ళకీ పురుళ్ళకీ నేను లాక్కుపోబట్టి. లేకపోతే ఆ తుని ముఖం కూడా చూసేవారు కాదు.

నవ్వొస్తే నవ్వుకోండి, నేనూ నవ్వినదాన్నే. కానీ ఉద్యోగం మాత్రం ఉత్తుత్తిది కాదు. నెలనెలా జీతం ఇచ్చేవారు. ఆదివారం పేపర్లో అరపేజీ ఆయన రాతలే ఉండేవి.

డెబ్భైలో, పెళ్ళయిన కొత్తలో, మేం విశాఖపట్నం వచ్చి అల్లిపురంలో రెండు గదుల వాటాలో దిగాం. మా వైపువాళ్ళంతా పోర్టులోకో షిప్‌యార్డులోకో ఉద్యోగాలకి వస్తే, ఈయన మాత్రం పేపరాఫీసులో చేరారు. పొద్దున్నే పోర్టుకి వెళ్ళి ఏ ఓడ వచ్చింది, ఏం తెచ్చింది, ఏది వెళ్ళిపోయింది అని నాలుగు ముక్కలు రాసుకురావడం, అంతే పని. అక్కడే లతీఫ్ పరిచయమయ్యాడు. వన్‌టౌన్‌లో వాళ్ళది తాతలనాటి దుకాణం. వచ్చిన ఓడలకి కూరగాయలు, మాంసం, గుడ్లు, సబ్బులు సరఫరా చేస్తారు.

“ఒడ్డున నిలబడిపోయి ఏటి సూత్తావు బావా, పైకి రా” అని, తన గుమాస్తా అని చెప్పి ఈయన్ని ఓడ ఎక్కించేవాడు. ఓడవాళ్ళు కాఫీ ఇచ్చేవారు. నెలల తరబడి నీళ్ళు తప్ప మరోటి చూడనివాళ్ళేమో, వినేవాడు దొరికితే చాలు, ఇంటి సంగతులన్నీ వెళ్ళబోసుకునేవారు. ఈయనకి వినడం బాగా వచ్చు. నా మాట తప్ప ఎవరి మాటైనా వింటారు.

ఆ ఏడాదే, ఈయన రాసుకొచ్చిన ఆ కబుర్లు చూసి అప్పటి ఎడిటరు నరసింహమూర్తిగారు ముచ్చటపడ్డారు. ‘సముద్రాలకు అవతల’ అని ఒక శీర్షిక పెట్టి ఆదివారం ఆదివారం వెయ్యడం మొదలుపెట్టారు. కింద పేరు ఉండేది కాదు, ‘మా విదేశీ విలేఖరి’ అని ఉండేది. తను విదేశంలో ఉన్నానని మా ఆయన ఎక్కడా రాయలేదు. చదివేవాళ్ళే అలా అనుకున్నారు. పదిమంది అనుకునేదాన్ని కాదనడం మర్యాద కాదని ఈయన ఊరుకున్నారు.

పూర్ణామార్కెట్లో సంచీ చంకన పెట్టుకుని బెండకాయలు ఏరుతుంటే ఎవరో ఒకరు “ఎప్పుడొచ్చారండీ?” అని పలకరించేవారు. “ఇప్పుడే” అనేవారు ఈయన. అబద్ధమెందుకవుతుంది, ఇంట్లోంచి వచ్చి పావుగంట కూడా అయ్యుండదు.

ఇంట్లోనూ అదే వరస. చారులో ఉప్పు మర్చిపోతే “రష్యావాళ్ళు ఈ మాత్రం కూడా వెయ్యరు” అని తాగేసేవారు. అన్నం మాడితే దానికీ ఒక దేశం ఉండేది. అలాంటి మొగుడు అందరికీ దొరకడు లెండి.

ఇక ఆయన పనిచేసే పద్ధతి చెప్పాలి. ముందు ఓడ వెనక భాగాన ఎగిరే జెండా చూసేవారు. ఏ దేశం జెండా అయితే ఆ దేశం పేరు కాగితం మీద రాసుకుని, అప్పుడు పైకెక్కి కబుర్లు వినేవారు. జపాను జెండా అయితే జపాను కబుర్లు, రష్యా జెండా అయితే రష్యా కబుర్లు. పోర్టుకి వచ్చేవాటిలో పనామా జెండా ఓడలు బోలెడు. అందుచేత మా ఆయనకి పనామా మీద మంచి పట్టు దొరికింది. తెలుగువాళ్ళలో ఆ దేశం గురించి అంత రాసిన మనిషి ఇంకొకరు ఉండరని నా నమ్మకం. పనామావాళ్ళు రొట్టెని నూనెలో ముంచుకు తింటారనీ, పండక్కి గొర్రెపిల్లని నిలువునా కాలుస్తారనీ ఒక ఏడాది రాశారు. ఇంకో ఏడాది, వాళ్ళు మనలాగే మూడు పూటలా అన్నమే తింటారనీ, ఎండుచేప లేనిదే ముద్ద దిగదనీ రాశారు. మరో ఏడాది, క్యాబేజీకి కారం పట్టించి జాడీల్లో ఊరేసుకుంటారని రాశారు.

“ఏవండీ, ఈ పనామావాళ్ళు ఓసారి దొరల్లా ఉన్నారంటారు, ఓసారి చైనావాళ్ళలా ఉన్నారంటారు. అదేం దేశమండీ?” అని ఓ రోజు పప్పు వడ్డిస్తూ అడిగాను.

“మనదగ్గర మాత్రం కాశ్మీరువాడూ కాకినాడవాడూ ఒక్కలా ఉంటారా?” అన్నారు.

నాకూ సబబుగానే తోచింది. ఇంకో గరిటె పప్పు వేశాను.

ఎనభై రెండులో నరసింహమూర్తిగారు రిటైరయ్యారు. ఆయన కుర్చీలోకి శ్రీరామ్మూర్తి అని ఒకాయన వచ్చాడు. విజయవాడలో పెద్ద పేపర్లో పనిచేసి వచ్చిన మనిషి. వచ్చీ రాగానే పాత పేపర్లన్నీ తిరగేశాడు. ఆయన బావమరిది ఓడలో ఇంజనీరు కావడం మా ప్రారబ్ధం.

ఒకనాడు మధ్యాహ్నం ఆఫీసులో అందరినీ కూర్చోబెట్టి, మా ఆయన రాసిన పనామా వ్యాసాలు ఒకదాని వెనక ఒకటి పైకి చదివాడట. నూనెలో రొట్టె, ఎండుచేప, ఊరేసిన క్యాబేజీ. చదివి అన్నాడట: “గంగాధరరావుగారూ, పన్నులు తక్కువని ఎక్కడెక్కడి యజమానులో ఓడల్ని పనామాలో రిజిస్టరు చేయించుకుంటారు. జెండా మాత్రమే పనామాది. పనివాళ్ళు ఎక్కడివాళ్ళైనా కావచ్చు. మీరు ఇన్నేళ్ళూ రాసిన పనామాలో గ్రీసువాళ్ళున్నారు, ఫిలిప్పీన్సువాళ్ళున్నారు, కొరియావాళ్ళున్నారు. లేనిది పనామావాడొక్కడే.”

ఆఫీసంతా గొల్లున నవ్వింది. ఆ తర్వాత ఆయన అసలు సంగతి చెప్పాడు. టెలిప్రింటరు మీద అన్ని పేపర్లకీ వచ్చే ఏజెన్సీ వార్తల్లో లేని, మన పేపరుకే దొరికిన అసలైన విదేశీ వార్త ఒక్కటి నెలాఖరులోగా తేవాలి. తేలేకపోతే శీర్షిక ఉండదు, విదేశీ విలేఖరి అన్న పేరూ ఉండదు, పూర్ణామార్కెట్లో కూరగాయల ధరలు రాసుకోవాలి.

ఇదంతా ఆ పూట అన్నం ముందు కూర్చుని మా ఆయనే చెప్పారు. అన్నం మాత్రం తినలేదు.

“బస్సెక్కితే పక్కనున్నవాణ్ణి మీదేవూరు, ఎవరి తాలూకు అని అడక్కుండా ఉండలేను కదే. మరి ఓడెక్కినప్పుడు ఎందుకు అడగలేదంటావ్?” అన్నారు.

“జెండా కనిపిస్తుంటే అడగడం ఎందుకనుకున్నారు.”

“అంతే” అన్నారు.

నాకు భయం వేసింది. మా ఆయనకి ఆస్తి లేదు, అజమాయిషీ లేదు, బట్టల మీద సరదా కూడా లేదు. ఉన్నదల్లా ఆ పేరు. నేను ఎంత ఎగతాళి చేసినా ఆదివారం పొద్దున్న పేపరు విప్పి ఆ అరపేజీ చూసుకునేటప్పుడు ఆయన ముఖం చూడాలి. అది పోతే ఈ మనిషి ఏమైపోతాడా అని దిగులు పట్టుకుంది. నాలుగు రోజులు ఏ దేశం పేరూ ఎత్తకుండా, ఉప్పు లేకపోతే లేదని చెప్పి మరీ వేయించుకున్నారు. ఆ నాలుగు రోజులూ నాకు వంట చెయ్యాలనిపించలేదు.

ఆ రోజుల్లో బీచికి ఎదురుగా ఒక ఓడ నెలల తరబడి కదలకుండా నిలబడి ఉండేది. పేరు ‘మరియా స్టెల్లా’. సాయంత్రం షికారుకి వచ్చినవాళ్ళంతా దాన్ని చూసి ఒకో కథ చెప్పుకునేవారు. లోపల బంగారం ఉందని ఒకరు, దొంగలున్నారని ఒకరు. అసలు సంగతేమిటంటే, యజమాని ఎవరికో బాకీపడితే కోర్టు ఓడని ఆపింది. కెప్టెను ఏదో వంకన వెళ్ళిపోయాడు, యజమాని పత్తా లేడు. ఓడకి కాపలా ఎవరో ఒకరు ఉండాలి కాబట్టి పనివాళ్ళు మాత్రం దిగడానికి వీల్లేదు.

మా ఇంటికి చేపలు తెచ్చే అప్పలనరసమ్మ ఓ రోజు గంప దించి, చెంగుతో ముఖం తుడుచుకుంటూ కూచుంది.

“సూడమ్మా, మావోడు నిన్న సేపలేసీసి తాడట్టుకొచ్చినాడు. ఎంత తాడనుకున్నావు, సెయ్యంత లావు!”

“ఎక్కడిది?”

“ఆ నిలబడిపోన ఓడ కాడదే. ఆలకి తిండి నేదమ్మా. మా పడవలు కనబడితే తాళ్ళు కిందకి జారేసి, సేపలు బుట్టలో పెట్టుకుని లాక్కుంతన్నారు. ఊరకే ఇస్తానన్నా ఒప్పరట, తాడు తీసుకోమంతారట. నాను ఎవలికీ సెప్పనేదు, నీకే సెప్తన్నాను.”

నేనూ ఎవరికీ చెప్పలేదు, మా ఆయనకే చెప్పాను. పన్నెండేళ్ళలో మొదటి విదేశీ వార్త నా వంటింటి గుమ్మంలో దొరికింది, అందులో నాకూ వాటా ఉంది.

ఆయన చెప్పులు వేసుకుని తిన్నగా వన్‌టౌన్ వెళ్ళారు. లతీఫ్‌కి అంతా తెలుసు.

“నానే అప్పుడప్పుడూ బియ్యం మూట అంపిస్తన్నాను బావా. పైకి సెప్పకు. కస్టమ్సోలు ఇంటే తాడిచ్చినోలినీ, అట్టుకున్నోలినీ కూడా లోపలేసెత్తారు. రేపు లాంచీ ఎల్తాది, నువ్వూ రా.”

మర్నాడు మా ఆయన మళ్ళీ లతీఫ్ గుమాస్తా అయ్యి ఓడెక్కారు. ఈసారి జెండా వైపు తలెత్తి చూడలేదట. వంటవాడు డొమింగో ఎదురొస్తే మొదటి మాటే “మీదేవూరు?” అని అడిగారట. అలా ఒక్కొక్కర్నీ అడిగారు. అందరూ ఫిలిప్పీన్సువాళ్ళు, అందులో చాలామంది ఇలోయిలో అన్న ఊరివాళ్ళు, ఆ చుట్టుపక్కలవాళ్ళు. ఊరి పేరు అడిగేసరికి అందరూ వచ్చి ఈయన చుట్టూ మూగారట. ఇన్నాళ్ళలో ఓడెక్కిన ఏ అధికారీ ఆ మాట అడగలేదు. వాళ్ళు రాసిన ఉత్తరాలు యజమాని తరఫు ఏజెంటు పట్టుకెళ్ళాడు, జవాబు మాత్రం ఒక్కదానికీ లేదు. ఇంటి దగ్గర వాళ్ళకి ఓడ బాగానే తిరుగుతోందని యజమాని తాలూకువాళ్ళు చెబుతున్నారేమోనని వాళ్ళ అనుమానం. ఒకతని పెళ్ళాం కడుపుతో ఉండగా బయల్దేరాడు. పుట్టింది ఆడో మగో అతనికి తెలియదు.

మా ఆయన ఆ రోజు ఇంటికొచ్చి రెండుసార్లు అన్నం పెట్టించుకున్నారు. తెల్లారగానే శ్రీరామ్మూర్తి దగ్గరికి వెళ్ళి, ఆకలితో మాడిపోతున్నవాళ్ళ సంగతి చెప్పారు.

“ఆకలి వార్త ఎవడు చదువుతాడండీ?” అన్నాడట ఆయన. “ఓడ సామాను దొంగచాటుగా అమ్ముకుంటున్నారని ఊరంతా అంటున్నారు. అది పట్టుకోండి. ఎవరు అమ్మారు, ఎవరు కొన్నారు. మొదటి పేజీలో, ఈసారి మీ పేరు పెట్టి మరీ వేస్తాను. మీ శీర్షికకి ఢోకా ఉండదు.”

ఎవరు అమ్మారో మా ఆయనకి తెలుసు. ఎవరు కొన్నారో నాకు తెలుసు. పేరు పడాలని పన్నెండేళ్ళు ఎదురుచూసిన మనిషి, ఇంటికొచ్చి మంచమ్మీద కూలబడ్డారు.

“రాస్తే ఏమవుతుంది?” అన్నాను.

“వాళ్ళ మీద కేసవుతుంది. అది తేలేదాకా ఇక్కడే జైల్లో ఉంటారు. అప్పలనరసమ్మ మొగుణ్ణి కూడా పట్టుకుపోతారు.”

“రాయకపోతే?”

“కూరగాయల ధరలు.”

“అయితే అదే రాయండి. నాకు కూడా పనికొస్తుంది” అన్నాను.

ఆయన నా వైపు అదోలా చూశారు. తర్వాత నవ్వారు. ఆ నవ్వు కోసం నేను ఎన్ని రోజులు కాచుకున్నానో దేవుడికి తెలుసు.

మళ్ళీ లాంచీ వెళ్ళినప్పుడు డొమింగో ఒక మాట చెప్పాడు. వాళ్ళ ఊళ్ళో చిన్న వారపత్రిక ఒకటుంది, ఇంగ్లీషుది. అతని మేనమామ కొడుకు అందులో అక్షరాలు కూర్చే పని చేస్తాడు. ఈ ఊరి పేపర్లో పడితే మాకేం లాభం, మా ఊళ్ళో తెలిస్తే చాలు, మిగతాది మావాళ్ళు చూసుకుంటారు అన్నాడు.

మా ఆయన బి.ఏ. పాసయ్యారు గానీ ఇంగ్లీషులో రాయడం అంటే నడిచే బస్సు ఎక్కడమంత కంగారు. రెండు రోజులు కూర్చున్నారు. రాసింది కొట్టేసి, కొట్టేసింది మళ్ళీ రాసి, మధ్యలో నన్ను కాఫీ అడిగి, ఇచ్చిన కాఫీ చల్లార్చి, మొత్తానికి పూర్తిచేశారు. అందులో బంగారం లేదు, దొంగలు లేరు, తాళ్ళ మాట అసలే లేదు. ఒక్కొక్క మనిషి పేరు, ఊరు, ఎవరి కొడుకు, చిక్కాడా, జ్వరమా, ఇంటివాళ్ళకి ఏం చెప్పమన్నాడు, అంతే. ఎన్నాళ్ళుగా ఉత్తరం లేదో రాశారు. కడుపుతో ఉన్న ఆ అమ్మాయి పేరు రాసి, ఆమెకి ఎవరు పుట్టారో కబురు చెయ్యమని అడిగారు. నేను చదివితే అది వార్తలా లేదు, పక్కూరినుంచి చుట్టం వచ్చి అరుగుమీద కూర్చుని చెప్పినట్టుంది. అదే మాట అన్నాను.

“బాగుందా, బాగాలేదా?” అన్నారు.

“ఇన్నాళ్ళూ రాసినవాటికంటే బాగుంది” అన్నాను. ఇందులో వేళాకోళం లేదు.

లతీఫే దాన్ని హెడ్ పోస్టాఫీసుకి తీసుకెళ్ళి ఎయిర్‌మెయిల్లో వేసి వచ్చాడు.

నెలాఖరు వచ్చింది. ‘సముద్రాలకు అవతల’ ఆగిపోయింది. ఆ జాగాలో వారఫలాలు వేశారు. మా ఆయన సంచీ పట్టుకుని పూర్ణామార్కెట్టుకి వెళ్ళి ధరలు రాసుకురావడం మొదలుపెట్టారు. మొదటి వారం దొండకాయల ధర తప్పు రాస్తే నేనే దిద్దాను. పైకి నవ్వుతూనే ఉండేవారు. ఆదివారం పేపరు మాత్రం విప్పేవారు కాదు, మడతపెట్టి ఉన్నదాన్ని అలాగే అలమరలో పెట్టేసేవారు. శ్రీరామ్మూర్తి కనిపిస్తే నాలుగు మాటలు అడగాలని ఎన్నిసార్లు అనుకున్నానో! అడిగితే ఆ ధరలు కూడా పోతాయని నోరు మూసుకున్నాను.

వానలు తగ్గాక లతీఫ్ రొప్పుకుంటూ వచ్చాడు.

“అక్కా, బావేడీ? ఓడోలు ఎల్లిపోతన్నారు! ఆల ఊర్లో ఆడోలంతా సర్చి ఫాదరుని ముందెట్టుకుని, ఆలని పనికంపిన ఆఫీసు ముందర కూకుండిపోనారంట. టిక్కెట్లు వొచ్చీసినాయి. ఓడకి ఇక్కడోలినే కాపలా పెడతామంటే కోర్టోలు కూడా ఒప్పీసుకున్నారు.”

పోర్టు గేటు దగ్గరికి మేమూ వెళ్ళాం. నేను పులిహోర కలిపి పట్టుకెళ్ళాను, వాళ్ళకి ఎండుచేప లేనిదే ముద్ద దిగదని మా ఆయన గుర్తుచేస్తున్నా వినకుండా. పనామావాళ్ళ సంగతి కదా అది అన్నాను.

వాళ్ళు చిక్కి సగమయ్యారు గానీ, నవ్వుతున్నారు. కుర్రాడొకడు అందరికంటే ముందు పరిగెత్తుకొచ్చి మా ఆయన్ని కావలించుకుని ఏదో అరిచాడు. కూతురట. అతనికి ఆ కబురు వచ్చిన ఉత్తరంతోనే వారపత్రిక కూడా వచ్చింది. డొమింగో దాన్ని జాగ్రత్తగా విప్పి మా ఆయన చేతికిచ్చాడు.

ఆయన చదివారు. కాగితం నాకు అందించి అటు తిరిగి నిలబడ్డారు. మొదటి పేజీలో పైనుంచి కిందదాకా ఆయన రాసిందే. ఒక్క మాట కూడా తీసెయ్యలేదు. పైన లావు అక్షరాల్లో ‘విశాఖపట్నం, ఇండియా నుంచి మా విదేశీ విలేఖరి జి. గంగాధరరావు’ అని పేరుతో సహా వేశారు.

“పాపం, పొరపాటుపడ్డారే వీళ్ళు” అన్నారు ఇటు తిరక్కుండానే. “నేనెక్కడ విదేశంలో ఉన్నాను? అల్లిపురంలో ఉన్నాను.”

“ఇలోయిలోవాళ్ళకి అల్లిపురం విదేశం కాదేంటండీ?” అన్నాను.

ఆ మాట అన్నాక నాకు ఏడుపు ఆగలేదు. నడిరోడ్డు మీద, అంతమంది ఓడవాళ్ళ ముందు, పులిహోర డబ్బా పట్టుకుని ఏడ్చాను. నాకంత గర్వంగా ఎప్పుడూ అనిపించలేదు. మా పెళ్ళినాడు కూడా.

ఇంట గెలిచి రచ్చ గెలవాలంటారు. మా ఆయన రచ్చే గెలిచారు. ‘తీరవాణి’లో ఇప్పటికీ కూరగాయల ధరలే రాస్తున్నారు. శ్రీరామ్మూర్తికి ఈ సంగతి చెబుదామంటే వద్దన్నారు. నెలకోసారి మాత్రం ఇలోయిలో వారపత్రికకి ఒక ఎయిర్‌మెయిలు వెళ్తుంది. సింహాచలం చందనోత్సవంలో తొక్కిసలాడుకుని స్వామిని చూసొచ్చిన వైనం, స్టీల్‌ప్లాంటు వస్తుందని ఊరు ఎలా పెరుగుతోందో ఆ ముచ్చట, సిటీ బస్సులో కండక్టరు చిల్లర ఎలా ఎగ్గొడతాడో అదీ రాస్తారు. నా గోంగూర పచ్చడి మీద కూడా ఒకటి రాశారు, ఉప్పు ఎక్కువని చేర్చి మరీ.

ఈమధ్య పక్కవాటాలోకి స్టీల్‌ప్లాంటు ఉద్యోగస్తులు దిగారు. ఆవిడ మధ్యాహ్నం పూట వచ్చి పరిచయం చేసుకుంటూ, “మీవారేం చేస్తారండీ?” అని అడిగింది.

“ఫారిన్ కరస్పాండెంటు” అన్నాను.

“అలాగా! ఏ దేశంలో ఉంటారు?”

“ఇక్కడే. అన్నం తిని ఇప్పుడే పడుకున్నారు” అన్నాను.